వెనక తలుపు దగ్గర అరటిచెట్టు

సరిహద్దు పోస్టుకు చేరేసరికి మధ్యాహ్నం రెండు. ఎత్తు పదిహేడు వేల అడుగులు. గాలి పడమటి నుంచి, సన్నగా. ఎండ కళ్లు పొడుస్తోంది గానీ ఒంటికి తగలడం లేదు. కింది క్యాంపు నుంచి మూడు రోజుల నడక, నలుగురం ఒకే తాడుకు కట్టుకుని. నా వీపు మీద స్లీపింగ్ బ్యాగు, రైఫిలు, మంచు పార, మేజోళ్లు, మా అమ్మ ఇచ్చిన పసుపు డబ్బా. వాటి పక్కన మూడు ముక్కల ఇనుప కడ్డీ. ఒకదానికొకటి బిగిస్తే రెండు నిలువుల పొడవు అవుతుంది. మంచుచరియ కింద మనిషి పూడుకుపోతే గుచ్చి వెతకడానికి ఇస్తారు. దారి పొడుగునా అది నా చెవికి తగులుతూనే ఉంది. ఈ దరిద్రం ఎందుకు మోయాలిరా అని తిట్టుకున్నాను.

ఇది చెప్పమని ఆర్మూర్‌లో నన్ను చాలామంది అడిగారు. అందరూ మంచు విరిగిన దగ్గర మొదలుపెట్టమంటారు. నేను పెట్టను. మంచు విరగడానికి పట్టింది ఒక దమ్ము. అంతకు ముందు అక్కడ నాలుగు నెలలు ఏడుగురం బతికాం. బతుకును పక్కన పెట్టి చావు గురించి చెప్పమంటే నాకు కోపం వస్తుంది. కూర్చుంటే నా వరసలోనే వినాలి.

పోస్టు అంటే కోట కాదు. కొండవాలు కింద చిన్న పల్లంలో మూడు ఫైబర్ గుడిసెలు. ఒకటి పడకకు, ఒకటి రేడియోకు, ఒకటి వంటకు. రేడియో గుడిసెకు, వంట గుడిసెకు మధ్య పదడుగుల దూరం. మంచు తుఫానులో దారి తప్పకుండా మూడింటినీ కలుపుతూ నడుం ఎత్తున తాడు కట్టి ఉంటుంది. గుడిసెలకు ఎడమ పక్కన పైకి ఒక రాతి గట్టు, దాని మీద ఇసుక బస్తాలు పేర్చిన కాపలా చోటు. అక్కడ నిలబడితే సరిహద్దు అవతలి శిఖరం కనిపిస్తుంది. వెనక్కి తిరిగితే వంట గుడిసె వెనక తలుపు కనిపిస్తుంది. నేను ఎక్కువగా చూసింది ఆ రెండోదే. అటు ఏం వండుతున్నారో తెలుస్తుంది.

పోస్టు కమాండరు సుబేదార్ సాబ్. కొండప్రాంతం మనిషి, మాట తక్కువ. ఆయన హిందీ ఇన్నేళ్ల తరవాత నా చెవిలో తెలుగులోనే మోగుతుంది. తాడు విప్పుతున్నప్పుడే చెప్పాడు.

“అవతలివాడు నెలకోసారి కనిపిస్తాడు. చలి కనిపించదు, రోజూ ఉంటుంది. నన్ను అడక్కుండా బూటు విప్పొద్దు. తాడు వదిలి నడవొద్దు. గుడిసెల దగ్గర నీళ్లు పారబొయ్యొద్దు. గడ్డకట్టి కాళ్లు విరుగుతాయి. జెండా కర్ర అవతల గుంట ఉంది, అక్కడే పొయ్యాలి. అర్థమైందా?”

“అయింది సాబ్.”

“మూడోది అర్థం కానివాడు ఒకడున్నాడు. మీ వైపువాడే. పో, కలువు.”

వంట గుడిసెలో పొగ, కిరసనాయిలు వాసన. స్టవ్ మీద గిన్నెలో మంచుగడ్డలు కరుగుతున్నాయి. ఆ ఎత్తులో నీళ్లంటే కరిగించిన మంచే. గరిటె పట్టుకుని ఒక బక్కపలచని మనిషి అటు తిరిగి నిలబడి ఉన్నాడు. నా బ్యాగులోంచి డబ్బా తీసి మూత తెరిచాను. వాడు వాసనకే ఇటు తిరిగాడు.

“పసుపా? ఏ ఊరన్నా మనది?”

“ఆలూర్. ఆర్మూర్ దగ్గర.”

“మాది నవీపేట్! అన్నా, నువ్వు జర ముందు రావద్దా! గీ సర్కారు పసుపు చూడు, సుద్దపొడి లెక్క ఉంటది. ఎంతేసినా రంగు రాదు.”

డబ్బా లాక్కుని రెండు చెంచాలు పప్పులో కొట్టాడు. ఆ పూట పప్పు చూసి మిగతావాళ్లు ముఖముఖాలు చూసుకున్నారు. మర్నాటి నుంచి మా ఇద్దరి పేర్లూ పోయాయి. హిందీలో హల్దీ అంటే పసుపు. నేను పెద్ద హల్దీని, వాడు చిన్న హల్దీ. తరవాత కూడా అమ్మ పార్శిళ్లు పంపింది. హెలికాప్టరు టపాతో పాటు పసుపు దించేది. ఇంత పసుపు తినే పోస్టు దేశంలో ఇంకోటి ఉండదని రేడియో అతను కిందికి మెసేజ్ కూడా కొట్టాడు.

ఆ రేడియో అతను ఒడిశా అబ్బాయి. నవ్వితే పళ్లన్నీ కనిపిస్తాయి. తన బూట్లంటే ప్రాణం. మాకందరికీ ఇచ్చిన బూట్లే, కానీ వాడు తనవి రోజూ గుడ్డతో తుడిచేవాడు. ఎవరికి చూపించాలని అంటే, “వాతావరణానికి” అనేవాడు. గంటగంటకు వాతావరణం కిందికి చెప్పడం వాడి డ్యూటీ. మిగిలినవాళ్లు ముగ్గురు. మందులు చూసే నర్సింగ్ అతను, కేరళవాడు. ఇద్దరు సిపాయిలు, అన్నదమ్ముల్లా ఎప్పుడూ జంటగా తిరిగేవాళ్లు. అంతే, ఏడుగురం.

ఇక నీళ్ల సంగతి. చిన్న హల్దీ గిన్నెలు కడిగిన నీళ్లు ఎప్పుడూ గుంట దాకా మోయలేదు. వెనక తలుపు తీసి, కుడి పక్కన ఒకే చోట విసిరేవాడు. సుబేదార్ సాబ్ తిట్టాడు, శిక్షగా అదనపు కాపలా వేశాడు. రెండు రోజులు గుంటకు మోసేవాడు. మూడో రోజు పొద్దున తలుపు తెరుచుకునేది, తాంబాళం బయటికి వచ్చేది, ఫట్.

ఒకరోజు నేనే అడిగాను.

“ఏందిరా నీ మొండితనం? సాబ్ వద్దన్నడు గద.”

“మొండితనం కాదన్నా. మా ఇంట్ల వంటింటి ఎనక అరటిచెట్టు ఉంటది. గిన్నెలు తోమిన నీళ్లు మా అమ్మ దానికే పోస్తది. నేను గిన్నె తోమిన్నంటే చెయ్యి దానంతట అదే గక్కడికి పోతది. పోసినంక యాదికొస్తది, గీడ చెట్టు లేదని.”

ఇది నేను రేడియో అతనికి చెప్పాను. చెప్పకుండా ఉండాల్సింది. ఆ రోజు నుంచి పోస్టు మొత్తానికి ఆ చోటు పేరు అరటిచెట్టు. నాలుగు నెలల పసుపు నీళ్లు పొర మీద పొర గడ్డకట్టి అక్కడ నడుం ఎత్తున ఒక పచ్చటి దిమ్మె లేచింది. చుట్టూ ఎటు చూసినా తెలుపే ఉన్న చోట అదొక్కటే రంగు. “గెల వేసిందా?” అని సిపాయిలు అడిగేవాళ్లు. “పండినంక మీకే పెడత తియ్” అని వీడు తెలుగులోనే జవాబు చెప్పేవాడు. చివరికి సుబేదార్ సాబ్ కూడా తిట్టడం మానేసి, కాలు జారకుండా దాని పక్కన ఇసుక చల్లించాడు. సైన్యంలో కమాండరు ఓడిపోవడం నేను చూసింది ఆ ఒక్కసారే.

ఆదివారం. మూడు రోజులు ఆగకుండా కురిసి, ముందురోజు సాయంత్రం ఆగింది. పొద్దున ఆకాశం కడిగినట్టుంది. గాలి లేదు. నర్సింగ్ అతను, ఇద్దరు సిపాయిలు పొద్దున్నే బయల్దేరారు. గట్టుకు అవతల హెలికాప్టరు జారవిడిచిన కిరసనాయిలు డబ్బాలు మంచులోంచి తవ్వి తేవాలి. నేను కాపలా చోటులో. చేతిలో చిన్న వాకీటాకీ, కింది క్యాంపు దాకా అందుతుంది. సుబేదార్ సాబ్ నా పక్కనే గడ్డం గీసుకుంటున్నాడు. ఎండ మొదట తగిలేది అక్కడే కాబట్టి అద్దం ఇసుక బస్తాకు గుచ్చి అక్కడే గీసుకుంటాడు. సగం ముఖం నురగ.

కింద చిన్న హల్దీ పులిహోర మొదలుపెట్టాడు. ఈసారి పార్శిల్లో అమ్మ చింతపండు కూడా పెట్టింది. వారం నుంచి ఇదే మాట. ఆ ఎత్తులో అన్నం ఉడకాలంటే కుక్కరుండాలి. కుక్కరు కూత గట్టు మీదికి వినిపిస్తుంది. మొదటి కూత వచ్చింది. వెనక తలుపు తెరుచుకుంది. రేడియో అతను టీ మగ్గు పట్టుకుని ఆ తలుపు దగ్గరే ఎండలో నిలబడి ఉన్నాడు. తాంబాళం బయటికి వచ్చింది, నీళ్లు లేచాయి, రేడియో అతను తన బూట్లు కాపాడుకోవడానికి ఎగిరి వెనక్కి దూకాడు. టీ ఒలికింది. వాడి తిట్లు మాకు వినిపించాయి. వెంటనే నవ్వు కూడా. సుబేదార్ సాబ్ అద్దంలోంచే చూసి, “అరటిచెట్టుకు నీళ్లు పడ్డాయి” అన్నాడు, కత్తి ఆపకుండా.

ఇక్కడ ఆపుతాను. ఇక్కడ ఆగకుండా ముందుకు పోయేవాళ్లంటేనే నాకు పడదు.

ఆర్మూర్‌లో ఒక కాలేజీలో నాకు శాలువా కప్పారు. మైకు ముందున్నాయన గొంతు పెంచి, మృత్యువు వస్తోందని ముందే తెలిసినా చిరునవ్వుతో నిలిచిన వీరులు అన్నాడు. పిల్లలు చప్పట్లు కొట్టారు. నేను లేచి మైకు తీసుకున్నాను. ఎవ్వరికీ ఏమీ తెలియదు అన్నాను. ఒకడు చింతపండు పిసుకుతున్నాడు, ఒకడు బూట్లు తుడుచుకుంటున్నాడు, ఒకాయన గడ్డం గీసుకుంటున్నాడు, నేను పులిహోరలో పల్లీలు ఉంటాయా లేవా అని ఆలోచిస్తున్నాను, చావు మొహం ఎవడూ చూడలేదు, చూసే తీరిక ఎవడికీ లేదు అన్నాను. శాలువా ఇచ్చినాయన మొహం మాడిపోయింది. మాడనీ.

మా వాడకట్టులో ఇంకో రకం ఉన్నారు. శకునం కావాలి వాళ్లకు. ముందురోజు ఏమన్నా జరిగిందా, కుక్క ఏడ్చిందా, కలొచ్చిందా? ఆ పొద్దున రేడియో అతని మగ్గు పిడి విరిగింది, నిజమే. అక్కడ చలికి వారానికో పిడి విరుగుతుంది. మంచు విరగకపోయి ఉంటే ఆ పిడిని ఎవడు తలుచుకునేవాడు? ఆ ఆదివారానికి మా తలరాతలో ఏ ప్రత్యేకతా లేదు. మామూలు రోజు. అన్నిటికంటే బాగున్న మామూలు రోజు.

సరే. రెండో కూత వచ్చింది. రేడియో అతను తన గుడిసెలోకి పోయాడు. పది గంటల రిపోర్టు. నా వాకీటాకీలో వాడి గొంతు వినిపించింది.

“గాలి లేదు. మంచు లేదు. ఎండ బాగుంది. అందరూ క్షేమం. ఓవర్.”

ఆ మాటను తలుచుకుని అయ్యో అనేవాళ్లున్నారు. ఎందుకు అయ్యో? వాడు అబద్ధం చెప్పలేదు. చెప్పిన నిమిషంలో అది అక్షరాలా నిజం.

చిన్న హల్దీ వెనక తలుపులోంచి తల బయటపెట్టి గట్టు వైపు అరిచాడు.

“అన్నా! పులుసు చిక్కగ చెయ్యాల్నా, పల్చగనా?”

నేను చెయ్యెత్తాను, రిపోర్టు అయిపోనీ, చెప్తానని. వాడు తల ఊపి తలుపు మూసుకున్నాడు. మూడో కూత మొదలైంది.

పైన టపాకాయ పేలినట్టు ఒక చప్పుడు. కొండవాలు మీద అడ్డంగా ఒక గీత పడింది. ఆ తరవాత వాలు మొత్తం కదిలింది. సుబేదార్ సాబ్ నా మెడ పట్టి బస్తాల వెనక్కి తోశాడు. మంచు దుమ్ము నోట్లోకి, ముక్కులోకి దూరింది. భూమి వణికింది. ఆగింది. తల ఎత్తి చూస్తే పల్లం లేదు. గుడిసెలు లేవు, తాడు లేదు, జెండా కర్ర లేదు. పళ్లెంలో పిండి పోసి చేత్తో సమం చేసినట్టు ఉంది. ఆయన ముఖం మీద నురగ అలాగే ఉంది.

చప్పుడుకు కిరసనాయిలుకు పోయిన ముగ్గురూ పరుగెత్తుకొచ్చారు. ఐదుగురం. కింద ఇద్దరు. పారలు ఉన్నాయి, కాపలా చోటులో ఉంచిన కడ్డీలు ఉన్నాయి. ఎక్కడ గుచ్చాలో తెలియదు. గుడిసె ఇక్కడ ఉండాలి అని నేను ఒక చోటు చూపించాను, అక్కడ కాదు ఇక్కడ అని సిపాయిలు ఇంకో చోటు చూపించారు. నాలుగు నెలలు ఆ పల్లంలో బతికిన మాకు మా వంటిల్లు ఎక్కడుందో తెలియలేదు. ఆనవాలు లేకపోతే ఎవడికీ ఏదీ తెలియదు.

వాకీటాకీ మోగింది. కింది క్యాంపు.

“పోస్ట్, పరిస్థితి చెప్పండి.”

సుబేదార్ సాబ్ చెప్పాడు. సగం వాలు విరిగింది, ఇద్దరు పూడుకుపోయారు, వెతుకుతున్నాం.

“పైన ఇంకా సగం వాలు వేలాడుతోంది. ఎండకు అదీ విరుగుతుంది. వెంటనే అందరూ గట్టు అవతలికి పోండి. కుక్కలతో టీమ్ హెలికాప్టరులో వస్తోంది. మధ్యాహ్నం దాటుతుంది. అంతవరకు ఎవరూ వాలు మీద ఉండకూడదు. ఇది ఆర్డరు. ఓవర్.”

పైన చూశాం. నిజమే. విరిగిన గీతకు పైన ఇంకా మంచు గోడలా నిలబడి ఉంది. వాళ్లు చెప్పింది తప్పు కాదు. ఇద్దరి కోసం ఐదుగురిని పోగొట్టుకోకూడదు. ఎక్కడ కూర్చుని లెక్క వేసినా అదే వస్తుంది. కానీ మధ్యాహ్నం దాకా మంచు కింద మనిషి ఉండడు. అది కూడా అందరికీ తెలుసు.

సుబేదార్ సాబ్ వాకీటాకీని నోటి దగ్గర పెట్టుకున్నాడు.

“ఆవాజ్ తెగిపోతోంది. మళ్లీ చెప్పండి. ఓవర్.”

వాళ్లు మళ్లీ చెప్పారు. గొంతు గంటలా స్పష్టంగా ఉంది.

“ఏమీ వినపడడం లేదు. బ్యాటరీ చలికి పడిపోయింది. ఓవర్.”

ఆపేసి కోటు లోపల పెట్టుకున్నాడు. మా నలుగురినీ ఒక్కొక్కరిగా చూశాడు.

“ఆర్డరు నేను వినలేదు. మీరు విన్నారు. పోవాలనుకున్నవాడు గట్టు అవతలికి పోవచ్చు. ఎవర్నీ ఏమీ అనను.”

ఎవరూ కదల్లేదు. నర్సింగ్ అతను అప్పటికే కడ్డీ బిగిస్తున్నాడు. ధైర్యమని అనకండి. కోపం. మా వంటిల్లు, మా రేడియో, మా ఆదివారం. ఆ కొండ ఎవర్ని అడిగి తీసుకుందని.

వరసగా నిలబడ్డాం, భుజానికి భుజం. గుచ్చు, తియ్యి, అడుగు వెయ్యి, గుచ్చు. కడ్డీ మెత్తగా దేనికన్నా తగిలితే ఆగాలి, అక్కడ తవ్వాలి. శిక్షణలో నేర్పింది అంతే, చేతికి తగిలేది చూడమని. రెండుసార్లు తగిలింది. రెండుసార్లూ తవ్వాం. ఒకసారి రాయి. ఒకసారి పడక గుడిసె నుంచి కొట్టుకొచ్చిన పరుపు. తవ్వుతుంటే చెమట పట్టి, అది గడ్డకట్టి, కనురెప్పలు అంటుకున్నాయి. పైన ఎక్కడో చిన్నగా చిట్లిన చప్పుడు. ఎవరూ తలెత్తలేదు.

నాకు ఒక అలవాటుంది. ఇది ఎవరూ నేర్పింది కాదు. మా అమ్మ పసుపు సీజన్లో కూలికి పోయేది. మాఘమాసం నుంచి మూడు నెలలు మా ఇంట్లో అందరి చేతులూ పచ్చగానే ఉండేవి. చర్చిలో రొట్టె తీసుకునేటప్పుడు కూడా. కళ్లంలో పెద్ద కడాయిలో పసుపు ఉడుకుతుంటే, ఉడికిందో లేదో చూడటం నా పని. ఒక కొమ్ము బయటికి తీసి చీపురు పుల్ల గుచ్చాలి. దిగిందా లేదా అన్నది సగమే. పుల్ల బయటికి లాగి కొస చూడాలి, వాసన చూడాలి. పచ్చి వాసన వస్తే ఇంకా మంట పెట్టాలి. “కొస జూడకుంట పుల్ల తీస్తే ఏం ఎరుకైతదిరా?” అని అమ్మ నెత్తి మీద మొట్టేది.

మిగతా నలుగురూ గుచ్చి, లాగి, ముందుకు అడుగేస్తున్నారు. నేను గుచ్చి, లాగి, కొస చూసి, ముక్కు దగ్గర పెట్టుకుని, అప్పుడు అడుగేస్తున్నాను. నాకు తెలియకుండానే. సుబేదార్ సాబ్ ఒకసారి కసిరాడు.

“పెద్ద హల్దీ! నువ్వు వెనకబడుతున్నావు. ఏం వాసన చూస్తున్నావు?”

జవాబు చెప్పడానికి నోరు తెరిచాను. చేతిలో ఉన్న కడ్డీ గట్టిదానికి తగిలి ఆగింది. గట్టిది అంటే రాయి, తవ్వక్కర్లేదు, ముందుకు పోవాలి. లాగాను. చూశాను.

కొస పచ్చగా ఉంది.

ఇనుము గీతల్లో ఇరుక్కున్న ఒక్క చిటికెడు మంచురవ్వ. ముక్కు దగ్గర పెట్టుకున్నాను. అంత చలిలో వాసన రాదంటారు. నాకు వచ్చింది. మా కళ్లం వాసన, మా అమ్మ చేతుల వాసన.

“అరటిచెట్టు!” అని అరిచాను. తెలుగులో అరిచాను. ఆ మాట ఆ పోస్టులో అందరికీ వచ్చు.

దిమ్మె పాత మంచుకు అతుక్కుని పెరిగింది. మంచుచరియ దాన్ని కదిలించలేదు. దాని ఎడమకు నాలుగడుగుల్లో వంట గుడిసె వెనక తలుపు. అది కళ్లు మూసుకుని చెప్పగలను. ఐదుగురం ఒకే గుంటలోకి దిగి తవ్వాం. పారలు ఒకదానికొకటి కొట్టుకున్నాయి. ఒక సిపాయి పార విరిగితే మంచులో దొరికిన డబ్బా రేకుతో తవ్వాడు. ఫైబర్ పైకప్పు తగిలింది. నలిగి వంగి ఉంది. కత్తితో కోశాం. లోపల చీకటి, కిరసనాయిలు వాసన, పులుపు వాసన. ఇనుప బల్లకు, బియ్యం బస్తాలకు మధ్య ఒక సందు. ఆ సందులోంచి మోచేతిదాకా చింతపండు గుజ్జు అంటుకున్న ఒక చెయ్యి.

వేళ్లు కదిలాయి.

లాగాం. నర్సింగ్ అతను వాడి కోటులోకి చెయ్యి పెట్టి గుండె చూశాడు, బుగ్గలు రుద్దాడు. చిన్న హల్దీ పెదవులు నీలంగా ఉన్నాయి. కళ్లు తెరిచి నన్ను పోల్చుకోవడానికి కొంచెంసేపు పట్టింది.

“చెప్పకపోతివి గదన్నా” అన్నాడు. “చిక్కగనా, పల్చగనా?”

నేను ఏడ్చాను. సిగ్గుపడను. ఏడుస్తూనే వాణ్ణి తిట్టాను, మా ఊళ్లో ఎన్ని తిట్లున్నాయో అన్నీ.

వంట గుడిసె మూలకు కట్టిన తాడు దొరికింది. అదే తాడు రేడియో గుడిసెకు పోతుంది. తాడు పట్టుకుని తవ్వుకుంటూ పోయాం. ఆ గుడిసె పూర్తిగా చదునైంది. రేడియో అతను కుర్చీలోనే ఉన్నాడు. హెడ్‌ఫోన్లు చెవులకే ఉన్నాయి. నర్సింగ్ అతను చాలాసేపు వాణ్ణి వదల్లేదు. చివరికి సుబేదార్ సాబ్ భుజం మీద చెయ్యేసి లేపాడు.

ఇద్దర్నీ మోసుకుని గట్టు అవతలికి చేరిన తరవాత రెండోసారి విరిగింది. మేం తవ్విన గుంటలు, విరిగిన పార, అరటిచెట్టు, అన్నీ మళ్లీ పూడుకుపోయాయి. సుబేదార్ సాబ్ వాకీటాకీ తీసి మీట నొక్కాడు.

“బ్యాటరీ వేడెక్కింది. ఒకడు బతికాడు. ఒకడు అమరుడయ్యాడు. ఓవర్.”

కింది నుంచి ఒక గొంతు, “మీ బ్యాటరీ గురించి తరవాత మాట్లాడదాం, సాబ్. ముందు అందర్నీ కిందికి తీసుకురండి” అంది. ఆ తరవాత బ్యాటరీ మాట ఎవరూ ఎత్తలేదని విన్నాను.

నేను ఇంటికొచ్చేసరికి ఆలూర్ చుట్టూ కళ్లాల్లో పసుపు ఉడుకుతోంది. ఇప్పుడు కడాయిలు పోయి ఆవిరి డ్రమ్ములు వచ్చాయి. అమ్మ మాత్రం ఎప్పటిలా ఒక కొమ్ము తీసి పుల్ల గుచ్చి నా చేతికిచ్చింది. కొస చూశాను. ముక్కు దగ్గర పెట్టుకుని ఎంతసేపటికీ దించలేదు. అమ్మ అది చూసింది. పుల్ల తీసుకుని, “ఉడికింది తియ్. పోయి బువ్వ తిను” అంది.

చిన్న హల్దీకి ఎడమచేతి రెండు వేళ్లు పోయాయి. నవీపేట్‌లో వరి చేసుకుంటున్నాడు. పోయినప్పుడల్లా పులిహోర పెడతాడు, చిక్కటి పులుసుతో. ఆ ప్రశ్నకు నా జవాబు అదేనని వాడే తేల్చుకున్నాడు. నేను కాదనలేదు.

రేడియో అతని తండ్రి నాకు ఫోన్ చేశాడు. ముసలాయన. హిందీ అంతంతమాత్రం. నా పేరు, ఊరు అడిగి, కొంచెం ఆగి, అందరూ అడిగేదే అడిగాడు.

“వాడికి ముందే తెలిసిందా బాబూ? భయపడ్డాడా?”

నాకు కోపం రాలేదు. ఆయన అడగొచ్చు. ఆయనొక్కడే అడగొచ్చు.

“లేదు నాన్నగారూ. తెలియదు. బూట్ల మీద పసుపు నీళ్లు పడతాయని ఎగిరి దూకాడు. టీ ఒలకబోసుకున్నాడు. మా వంటవాణ్ణి తిట్టాడు. తిట్టి నవ్వాడు. మాకు పైదాకా వినిపించింది.”

అవతల ఫోను ఇంకో చెవికి మార్చుకున్న చప్పుడు.

“మళ్లీ చెప్పు” అన్నాడు.

మళ్లీ చెప్పాను. ఇంకోసారి చెప్పమన్నాడు. చెప్పాను.

ఇప్పుడు ఆర్మూర్‌లో ఒక పసుపు గోదాములో కాపలా పని. బస్తాల మధ్య కుర్చీ వేసుకుని కూర్చుంటాను. కళ్లు మూసుకుంటే నీకు ఆ మంచు కనిపిస్తుందా అని హమాలీలు అడుగుతారు. మంచు కనిపించదు. దానికి నేను అంత చోటివ్వలేదు. కనిపించేది ఒకటే. వెనక తలుపు తెరిచి ఉంది. పచ్చటి నీళ్లు తాంబాళంలోంచి లేచి ఎండలో ఉన్నాయి. వాటి అవతల ఒక కుర్రాడు బూట్లు కాపాడుకోవడానికి రెండు కాళ్లూ గాల్లోకి లేపి, మగ్గు ఒక పక్కకు ఒలికిపోతుంటే, పళ్లన్నీ కనిపించేలా నవ్వుతున్నాడు.